షీ హుయ్: నటుడు, దర్శకుడు – తరచుగా అడిగే ప్రశ్నలు

చైనా సినిమా అనగానే మనకు గుర్తొచ్చేది బ్రూస్ లీ, జాకీ చాన్. వాళ్ళది హాంకాంగ్. అంతకు ముందు షాంఘైలో ఇంకో సినిమా లోకం ఉండేది. అక్కడ తన్నులాటలు తక్కువ, మాటలు ఎక్కువ. అద్దె ఇళ్ళు, అత్తాకోడళ్ళు, జీతం చాలని గుమాస్తాలు, ఇవే కథలు. ఆ లోకంలో నాకు బాగా నచ్చిన మనిషి షీ హుయ్. ఆయన గురించి స్నేహితులకు చెప్పినప్పుడల్లా అవే ప్రశ్నలు ఎదురవుతుంటాయి. అందుకే జవాబులన్నీ ఒకచోట రాసి పెడుతున్నాను.

అసలు ఎవరీ షీ హుయ్?

1915లో పుట్టి 1957లో చనిపోయిన చైనా నటుడు, దర్శకుడు. 1940లలో షాంఘై నాటకరంగంలో ఆయన్ని ‘నాటక చక్రవర్తి’ అనేవాళ్ళు. తర్వాత సినిమాల్లోకి వచ్చి పదేళ్ళలో మంగలి, లాయరు, హెడ్మాస్టరు, పోలీసు కానిస్టేబులు, సైనికాధికారి వేషాలు వేశాడు. మధ్యలో కెమెరా వెనక్కి కూడా వెళ్ళి, కథలు రాసి, సినిమాలు తీశాడు. బతికింది 42 ఏళ్ళు.

పేరును ఎలా పలకాలి? ఇందులో ఇంటిపేరు ఏది?

‘షీ’ ఇంటిపేరు, ‘హుయ్’ సొంత పేరు. మనలాగే వాళ్ళకూ ఇంటిపేరే ముందు వస్తుంది కాబట్టి తెలుగువాళ్ళకు ఇందులో తికమక ఉండదు. ఇంగ్లీషు వ్యాసాల్లో ‘మిస్టర్ హుయ్’ అని రాసినవాళ్ళను చూశాను, అది తప్పు. ఆయనకు పుట్టినప్పుడు పెట్టిన పేరు షీ యూతావ్. షీ హుయ్ అన్నది రంగస్థలం మీద పెట్టుకున్న పేరు.

ఇంకో జాగ్రత్త. అదే రోజుల్లో షీ యూ అని ఇంకో నటుడు ఉండేవాడు. 1948 నాటి ప్రఖ్యాత చిత్రం ‘చిన్న పట్టణంలో వసంతం’లో జబ్బు భర్తగా వేసింది ఆ షీ యూ. ఇద్దరికీ ఇంటిపేరు ఒకటే కావడంతో ఇంటర్నెట్‌లో ఫోటోలు కూడా తారుమారు అవుతుంటాయి.

నటనలోకి ఎలా వచ్చాడు?

ఆకలితో వచ్చాడు. ఇది మాటవరసకు అంటున్నది కాదు.

పుట్టింది తియాంజిన్ దగ్గర యాంగ్లియుచింగ్ అనే ఊళ్ళో. కొత్త సంవత్సరానికి గోడలకు అంటించుకునే రంగుల చెక్క అచ్చు బొమ్మలకు ఆ ఊరు పెట్టింది పేరు. పసితనంలోనే కుటుంబం బీజింగ్‌కు మారింది. ఇంట్లో జరుగుబాటు లేక కుర్రతనంలోనే పనికి కుదిరాడు. రైల్లో సేవకుడిగా, పళ్ళ డాక్టరు దగ్గర సహాయకుడిగా, సినిమా హాల్లో చిరుతిళ్ళు అమ్మే కౌంటరు దగ్గర, ఇలా దొరికిన పనల్లా చేశాడు. చిన్నప్పుడు బడిలో తనతో చదువుకున్న లాన్ మా అప్పటికే నాటకాల్లో ఉన్నాడు. ఆ స్నేహితుడే ఆయన్ని ఒక నాటక సమాజంలో చేర్పించాడు. వేషం మాట తర్వాత, ముందు అక్కడ పూట గడుస్తుంది కదా అన్నదే లెక్క.

నా అనుమానం ఏమిటంటే, ఆయన నటనకు పెట్టుబడి ఆ ఉద్యోగాల్లోనే ఉంది. రైలు డబ్బాలో టీ అందించే కుర్రాడు రోజుకు వందల మొహాలు చూస్తాడు. ఎవడు కసురుకుంటాడో, ఎవడు చిల్లర ఎగ్గొడతాడో చూపుతోనే పసిగడతాడు. తెర మీద షీ హుయ్ పెద్దమనుషుల ముందు నడుం వంచే తీరు గమనించండి. ఒక్కో సినిమాలో ఒక్కోలా వంగుతాడు. ఎంత వంగాలో, ఎవరి ముందు వంగాలో తెలిసిన మనిషి వంగడం అది.

‘నాటక చక్రవర్తి’ అన్న బిరుదు ఎక్కడిది?

1940లో షాంఘై చేరాడు. అప్పటికే ఆ నగరం చుట్టూ జపాన్ సైన్యం. 1941 డిసెంబరులో పెర్ల్ హార్బర్ మీద దాడి జరిగాక, విదేశీయుల ఆధీనంలో మిగిలిన పేటలూ జపాన్ చేతికి పోయాయి. దాంతో హాలీవుడ్ సినిమాలు ఆగిపోయాయి. స్థానిక సినిమా పరిశ్రమ జపాన్ వాళ్ళ కనుసన్నల్లోకి వెళ్ళింది. అందులో పనిచేయడం ఇష్టం లేని రచయితలు, దర్శకులు, నటులు నాటకాల వైపు మళ్ళారు. జనానికీ వేరే వినోదం లేదు. అలా యుద్ధం నడిమధ్యన షాంఘైలో మాటల నాటకానికి స్వర్ణయుగం వచ్చింది.

1942లో ‘పెద్ద సర్కస్’ అనే నాటకంలో ముసలి మోసగాడు మురోంగ్ తియాన్‌షీగా ఆయన పేరు మోగింది. అప్పటికి వయసు 27. ఆ పాత్ర వేసిన 70 రోజుల అనుభవం మీద ఒక వ్యాసం కూడా రాశాడు. నటులు తమ పని గురించి రాసుకునేటప్పుడు మామూలుగా పొగడ్తలు, జ్ఞాపకాలు రాస్తారు. ఈయన రాసింది మాత్రం వర్క్‌షాపులో మెకానిక్ డైరీలా ఉంటుంది.

అదే ఏడాది చివర ‘చియు హైతాంగ్’ వచ్చింది. అది ఒక పువ్వు పేరు, కథానాయకుడి రంగస్థల నామం కూడా. అతను పెకింగ్ ఒపెరా అనే పాటల నాటకంలో ఆడవేషాలు కట్టే నటుడు. మగవాళ్ళే ఆడవేషాలు కట్టే సంప్రదాయం మన పద్యనాటకాల్లోనూ ఉండేది కాబట్టి ఆ పాత్ర మనకు అంత దూరమేమీ కాదు. ఒక సైనిక ప్రభువు ఉంపుడుగత్తెతో ప్రేమలో పడి, అతని కక్షకు ముఖం మీద కత్తిగాట్లు పడి, అందం పోయి, చివరికి గుంపులో ఒకడిగా పల్టీలు కొట్టే వేషానికి దిగజారతాడు. ఫెయ్ ము, హువాంగ్ జువోలిన్, గు జోంగ్యి ముగ్గురు కలిసి దర్శకత్వం చేసిన ఆ నాటకం నెలల తరబడి ఆడింది. హాల్లో ఏడవని వాళ్ళు లేరట. ఆ దెబ్బతో బిరుదు ఖాయమైంది.

అందగాడు కాదు కదా, హీరో ఎలా అయ్యాడు?

కాదు, ఒప్పుకుంటాను. గుండ్రటి ముఖం, పెద్ద నోరు, ఒత్తుగా లేని కనుబొమలు. అప్పటి షాంఘై హీరోలు జుట్టుకు నూనె రాసి, సూటు వేసి మెరిసిపోతుంటే ఈయన కిరాణా కొట్టులో పద్దులు రాసే మనిషిలా ఉంటాడు. అదే కలిసొచ్చింది. ముఖం మీద ఏ వయసైనా కూర్చుంటుంది. 1947లో వచ్చిన ‘అమ్మగారికి జై’లో కథానాయిక తండ్రిగా వేసేనాటికి ఆయనకు 32 ఏళ్ళు. 1949 నాటి ‘నడివయసు కష్టసుఖాలు’లో పిల్లలు పెద్దవాళ్ళైన హెడ్మాస్టరు. అప్పుడు నిజం వయసు 34.

గొంతు ఇంకో ఆస్తి. బీజింగ్ యాసలో తీరిగ్గా, కాస్త వ్యంగ్యంగా పలుకుతాడు. చైనీస్ రాకపోయినా ఆ లయ తెలిసిపోతుంది.

వెన్‌హువా స్టూడియో అంటే ఏమిటి? ఆయన కెరీర్‌లో దాని పాత్ర ఏమిటి?

యుద్ధం ముగిశాక 1946లో వూ షింగ్‌జాయ్ అనే వ్యాపారి షాంఘైలో పెట్టిన ప్రైవేటు సినిమా కంపెనీ. నాటకాల నుంచి వచ్చిన మంచి వాళ్ళందరినీ చేరదీసింది. హువాంగ్ జువోలిన్, సాంగ్ హు, ఫెయ్ ము, రచయిత్రి జాంగ్ ఐలింగ్ అక్కడ పనిచేశారు. ఇందాక చెప్పిన ‘చిన్న పట్టణంలో వసంతం’ కూడా అక్కడిదే. నినాదాల జోలికి పెద్దగా పోకుండా మధ్యతరగతి ఇంటి గొడవలను నవ్విస్తూ, కొంచెం గుచ్చుతూ చూపించడం ఆ కంపెనీ పద్ధతి. షీ హుయ్ లాంటి నటుడికి అంతకంటే మంచి ఇల్లు దొరకదు. 1949లో ‘తల్లి’ అనే సినిమాతో మొదటిసారి దర్శకుడైంది కూడా ఇక్కడే.

మంగలివాళ్ళు గొడవ చేసిన సినిమా ఏది?

1947లో వచ్చిన కామెడీ. పేరును తెలుగులో ‘బూటకపు జంట’ అనుకోవచ్చు. భర్త పోయి చేతిలో డబ్బులేని ఒకామె, విదేశాల నుంచి వచ్చిన కోటీశ్వరుడి కూతురినని పేపర్లో పెళ్ళి ప్రకటన ఇస్తుంది. ఒక మంగలి, పెద్ద కంపెనీ మనిషినని చెప్పుకుని ఆ సంబంధానికి వస్తాడు. ఇద్దరూ ఒకరినొకరు బోల్తా కొట్టిస్తున్నామనుకుంటూ ఉంటారు. ఆమెగా వేసింది లీ లీహువా, అప్పట్లో పెద్ద తార.

షీ హుయ్ చేసిన తమాషా ఏమిటంటే, సూటు వేసుకుని దర్జాగా కూర్చున్నా మంగలి చేతులు ఊరుకోవు. పని అలవాట్లు అసంకల్పితంగా బయటపడుతుంటాయి. ఇది షాంఘై మంగలివాళ్ళకు కోపం తెప్పించింది. తమ వృత్తిని వెక్కిరించారని విడుదల రోజున థియేటర్ ముందు గుమిగూడి ప్రదర్శన ఆపించారు. చివరికి కొన్ని కోతలతో రాజీ కుదిరింది. సినిమా మాత్రం బాగా ఆడింది, ఇంగ్లీషు మాటలతో ఒక వెర్షన్ కూడా తయారైంది.

నా దృష్టిలో వాళ్ళ కోపం పూర్తిగా తప్పు కాదు, కానీ సినిమా వెక్కిరించింది మంగలిని కాదు. సూటు చూసి మర్యాద ఇచ్చే ఊరిని. చివరకు ఆ ఇద్దరూ వేషాలు తీసేసి తమ పనులతోనే బతకడానికి సిద్ధపడతారు.

ఆయన గొప్ప సినిమా ఏది?

‘నా ఈ జీవితం’, 1950. దర్శకత్వం, ముఖ్యపాత్ర రెండూ ఆయనవే. దీని గురించి కొంచెం ఎక్కువే రాస్తాను, పేజీ పొడుగైతే క్షమించండి.

మూలం చైనా రచయిత లావో షె 1937లో రాసిన పెద్ద కథ. బీజింగ్‌లో ఒక మామూలు పోలీసు కానిస్టేబులు తన బతుకు తానే చెప్పుకుంటాడు. సినిమా నగరపు కోటలు, గోడలు, తోటలు చూపిస్తూ మొదలవుతుంది. వాటి మీద షీ హుయ్ గొంతు వినిపిస్తుంది, ఇంటి అరుగు మీద కూర్చుని ఊరి చరిత్ర చెప్పే తాతలా. చింగ్ రాజవంశం చివరి రోజుల్లో పోలీసులో చేరతాడు. రాజు పోయి రిపబ్లిక్ వస్తుంది. సైనికులు తిరగబడి నగరాన్ని దోచుకుంటుంటే పోలీసులు చూస్తూ నిలబడతారు. తర్వాత యుద్ధ ప్రభువులు, ఆ తర్వాత చియాంగ్ కైషేక్ నాన్‌జింగ్ ప్రభుత్వం, జపాన్ ఆక్రమణ, అంతర్యుద్ధం. యూనిఫాం మారుతుంది, టోపీ మారుతుంది, సెల్యూట్ కొట్టాల్సిన దొర మారతాడు. కానిస్టేబులు జీతం, కడుపు మాత్రం మారవు.

నలభై ఏళ్ళ వయసును ఆయన మోసిన పద్ధతే ఇందులో అసలు పని. మేకప్ మీద ఆధారపడలేదు. కుర్రతనంలో లాఠీ చేతిలో ఆడుతూ ఉంటుంది, తర్వాత దాన్ని పట్టుకుంటాడు, చివరికి దాని మీద ఆనుకుంటున్నట్టు ఉంటుంది. భుజాలు ఒక్కో ప్రభుత్వానికి ఒక్కో అంగుళం కిందికి జారతాయి.

లోపం కూడా చెప్పాలి. కథ 1937 నాటిది కాబట్టి జపాన్ ఆక్రమణ, ఆ తర్వాతి కథ సినిమా కోసం కలిపినవే. ముసలి కానిస్టేబులు బిచ్చగాడై చలి రాత్రి వీధిలో పడిపోతాడు, కొడుకు మాత్రం కమ్యూనిస్టు సైన్యంలో జెండాతో ముందుకు సాగుతాడు. కొత్త ప్రభుత్వం వచ్చి ఏడాది కూడా కాని రోజుల్లో ఆశతో ముగించక తప్పదు. అయినా ఆ జెండా దృశ్యం ఎవరికీ గుర్తుండదు, చలిలో పడి ఉన్న ముసలాడే గుర్తుంటాడు.

మరి అంత మంచి సినిమా తీసినవాడి మీద విమర్శలు ఎందుకు వచ్చాయి?

‘నా ఈ జీవితం’ మీద కాదు, ఆ వెంటనే 1951లో తీసిన ‘కంపెనీ కమాండర్ గ్వాన్’ మీద వచ్చాయి. షాంఘైని కమ్యూనిస్టు సైన్యం పట్టుకునే యుద్ధంలో కథ. గ్వాన్ పల్లెటూరి మనిషి, చదువు అంతంతమాత్రం, మాట మోటు, మనసు మెత్తన. శత్రువు దాక్కున్న భవనంలో అనాథ పిల్లలు ఉన్నారని తెలిసి, ఫిరంగులు పేల్చకుండా దగ్గరికి వెళ్ళి పోరాడాలని నిర్ణయిస్తాడు. పిల్లలు బతుకుతారు, గ్వాన్ పోతాడు.

మన కళ్ళకు ఇది సైన్యాన్ని పొగిడే సినిమా. కానీ అప్పటి విమర్శకులకు అలా కనబడలేదు. విప్లవ సైనికుణ్ణి మొరటువాడిగా చూపించారు, పిల్లల కోసం పోరాటాన్ని పణంగా పెట్టడం పెటీ బూర్జువా మానవతావాదం అన్నారు. అదే 1951లో జావో డాన్ నటించిన ‘వూ షున్ జీవితం’ మీద మావో స్వయంగా ధ్వజమెత్తడంతో దేశమంతా సినిమాల మీద విమర్శల ఉద్యమం నడిచింది. ఆ గాలిలో గ్వాన్ కూడా కొట్టుకుపోయాడు. సినిమా తెరల మీంచి మాయమైంది.

చూడండి ఎంత విచిత్రమో. మంగలిని నవ్వుతాలుగా చూపించాడని ఒకసారి, సైనికుణ్ణి మనిషిలా చూపించాడని ఇంకోసారి. రెండు చోట్లా ఆయన చేసింది ఒకటే, పాత్రను ఎదురుగా ఉన్న మనిషిలా చూడటం.

ప్రైవేటు కంపెనీలు పోయాక ఏం చేశాడు?

1952, 53 నాటికి వెన్‌హువాతో సహా షాంఘై ప్రైవేటు స్టూడియోలన్నీ ప్రభుత్వ స్టూడియోలో కలిసిపోయాయి. షీ హుయ్ జీతానికి పనిచేసే స్టూడియో మనిషి అయ్యాడు. పెద్ద వేషాలు తగ్గాయి, దర్శకత్వం పెరిగింది. గ్వాన్ దెబ్బ తగిలాక ఆయన ఎంచుకున్న కథలు చూస్తే తెలివి కనిపిస్తుంది. ఒకటి పిల్లల సినిమా, ఇంకొకటి జానపద గాథ. రెండూ ఎవరూ వేలెత్తి చూపలేనివి.

‘ఈకల ఉత్తరం’ 1954లో వచ్చింది. జపాన్‌తో యుద్ధం నాటి కథ. కోడి ఈకలు గుచ్చిన ఉత్తరం అంటే అతి అర్జెంటు అని గుర్తు. హైవా అనే గొర్రెల కాపరి పిల్లాడు అలాంటి ఉత్తరం తీసుకెళ్తూ జపాన్ సైనికులకు ఎదురుపడతాడు. గొర్రె తోక కింద దాచేస్తాడు! ఈ ఒక్క ఉపాయం మీద సినిమా అంతా టెన్షన్‌తో నడుస్తుంది. 1955లో ఎడిన్‌బరో చిత్రోత్సవంలో బహుమతి పొందింది.

‘దేవకన్యతో పెళ్ళి’ గురించి ఎందుకు అంత గొప్పగా చెబుతారు?

1955 నాటి ఈ సినిమా హువాంగ్‌మెయ్ ఒపెరా మీద తీసింది. అది ఆన్‌హుయ్ ప్రాంతపు పల్లె పాటల నాటకం, పెకింగ్ ఒపెరా అంత ఆర్భాటం ఉండదు. పాట మాటకు దగ్గరగా, విన్న వెంటనే నోటికి వచ్చేలా ఉంటుంది. స్వర్గంలో ఏడో కూతురు భూమి మీద బానిసగా అమ్ముడుపోయిన డోంగ్ యోంగ్‌ను చూసి ఇష్టపడి దిగివస్తుంది. దేవకన్య భూమికి దిగే కథలు మనకు కొత్తేం కాదు కనుక ఇందులోకి సులువుగా వెళ్ళిపోతాం. యన్ ఫెంగ్‌యింగ్, వాంగ్ షావ్‌ఫాంగ్ నాయికా నాయకులు, ఇద్దరూ ఆ ఒపెరా కళాకారులే.

దర్శకుడిగా షీ హుయ్ తెలివి ఎక్కడంటే, స్టేజి ముందు కెమెరా పెట్టి ఊరుకోలేదు. దేవకన్యలు మేఘాల్లో ఎగరడం, ముసలి చెట్టు నోరు విప్పి పెళ్ళి జరిపించడం లాంటివి ట్రిక్ షాట్లతో సినిమాకు తగ్గట్టు చేశాడు. పాటను మాత్రం ముట్టుకోలేదు. చివర్లో దంపతులు ఇంటికి నడుస్తూ ‘చెట్టు మీద పక్షులు జంటలు జంటలు’ అని పాడుకునే పాట ఇప్పటికీ చైనాలో తెలియనివాళ్ళు ఉండరు.

సినిమా హాంకాంగ్‌లో కూడా విరగబడి ఆడింది. అది చూసే అక్కడి షా బ్రదర్స్ 1950ల చివర్లో హువాంగ్‌మెయ్ పాటల సినిమాలు వరసగా మొదలుపెట్టారు. తర్వాత కుంగ్‌ఫూ సినిమాలతో మన ఊళ్ళ దాకా వచ్చిన కంపెనీ అదే.

ఎలా చనిపోయాడు?

1956లో మావో ‘నూరు పూలు వికసించనీ’ అన్నాడు. ఈ నినాదం తెలుగు పాఠకులకు కూడా బాగా పరిచయమే. ప్రభుత్వాన్ని నిర్మొహమాటంగా విమర్శించండి అని రచయితలనూ కళాకారులనూ పిలిచారు. షీ హుయ్ కూడా సినిమా పరిశ్రమలో తనకు కనబడిన లోపాలు చెప్పాడు. 1957 మధ్యకు వచ్చేసరికి గాలి తిరగబడి, మాట్లాడినవాళ్ళ మీద ‘మితవాదులు’ అన్న ముద్ర వేసే ఉద్యమం మొదలైంది.

అప్పుడే ఆయన సొంత కథతో ‘పొగమంచు కడలిలో రాత్రి ప్రయాణం’ తీసి ఉన్నాడు. ప్రయాణికుల ఓడ ఒకటి మంచులో దారితప్పి ప్రమాదంలో పడటం ఇందులో కథ. కొత్త సమాజాన్ని మునిగే ఓడగా చూపించాడని దాని మీదా ఆరోపణ. నవంబరులో స్టూడియోలో ఆయన్ని నిలబెట్టి విమర్శ సభలు పెట్టారు. నిన్నటి దాకా కలిసి పనిచేసినవాళ్ళే లేచి మాట్లాడారు.

ఆ సభల తర్వాత ఆయన షాంఘై నుంచి నింగ్‌బో వెళ్ళే ‘మిన్‌జూ 3’ అనే ఓడ ఎక్కాడు. సినిమా కోసం ఓడ జీవితం గమనించడానికి వెళ్ళిన ఓడే అది. మళ్ళీ తిరిగి రాలేదు. సముద్రంలో ప్రాణం తీసుకున్నాడని తర్వాత ఎప్పటికో గానీ తేలలేదు. ఇంట్లో భార్య, పెకింగ్ ఒపెరా నటి తోంగ్ బావోలింగ్.

‘నా ఈ జీవితం’ రాసిన లావో షె కూడా 1966లో, సాంస్కృతిక విప్లవం మొదట్లో, అవమానాల తర్వాత బీజింగ్‌లో ఒక చెరువులో శవమై తేలాడు.

తర్వాత ఆయన పేరు ఏమైంది?

ఇరవై ఏళ్ళకు పైగా ఎవరూ ఎత్తలేదు. 1979లో ప్రభుత్వం ఆ ముద్రను తీసేసింది. ఆ తర్వాత ఆయన వ్యాసాలు పుస్తకాలుగా వచ్చాయి, సినిమాలు మళ్ళీ వేశారు.

ఎక్కడ మొదలుపెట్టాలి?

నవ్వుకోవాలంటే ‘బూటకపు జంట’. ఇంట్లో పిల్లలు ఉంటే ‘ఈకల ఉత్తరం’, గొర్రె తోక దగ్గర వాళ్ళే కేకలు పెడతారు. ఒక్కటే చూసే తీరిక ఉంటే మాత్రం ‘నా ఈ జీవితం’. ఇంగ్లీషు సబ్‌టైటిల్స్‌తో యూట్యూబ్‌లో వెతికితే దొరుకుతుంది. ప్రింటు పాతది, అక్కడక్కడ గీతలు, మాట కొంచెం గరగర. మొదటి అయిదు నిమిషాలు సబ్‌టైటిల్స్ చదవడం మానేసి ఊరికే ఆ గొంతు వినండి, తర్వాత వెనక్కి జరిపి మళ్ళీ చూడొచ్చు.